నిలబెట్టిన ఇనుము

మ్యూజియం వాళ్ళు ఇప్పటికీ తప్పు గాలి మీదికే నెడుతున్నారు. పెనుగాలికి శిల్పం ఒరిగింది, ఒక ఉద్యోగికి గాయమైంది, అంతే వాళ్ళ కాగితం. నేను ప్రొద్దుటూరులో ముప్పై ఏళ్ళుగా ఇనుము అమ్ముతున్నాను. రేకు ఎంత బరువు, ఎంత గాలిని ఆపుకుంటుంది, కింద ఎంత అడుగు ఉంటే నిలబడుతుంది, ఇవి నాకు ఒకరు చెప్పాల్సిన సంగతులు కావు. ఆ గాలికి అదే బయలులో ఉన్న తక్కిన ఆరు శిల్పాలూ కదల్లేదు. మరి ఒక్కదాన్నే ఎంచుకుని పడేసిన గాలి ఎట్లాంటి గాలో వాళ్ళే చెప్పాలి.

మైదుకూరు రోడ్డులో నా కొట్టు. ముందు వైపు కొత్త ప్లేట్లు, ఛానళ్ళు. వెనక వైపు పాత ఇనుము, కాటా. ఇంట్లో నేను, నా భార్య ఖదీజా, ఆమె తమ్ముడు నాసిర్. మాకు పిల్లలు లేరు. నాసిర్‌ను పదకొండో ఏట నుంచి మేమే పెంచినాం.

వాడు వెల్డర్. గేట్లు, గ్రిల్లులు చేసే రకం కాదు. కలమల్ల థర్మల్ కరెంటు కేంద్రంలో ఒక కాంట్రాక్టరు కింద బాయిలర్ పైపులు అతికినవాడు. ఆ పనికి పరీక్ష ఉంటుంది. అతికిన చోట ఎక్స్‌రే తీస్తారు, చీమ తలకాయంత బుడగ కనిపించినా ఇంటికి పంపేస్తారు. పాసైనవాడికి ఒక నంబరు ఇస్తారు. వాడు ఎక్కడ అతుకు వేసినా పక్కనే ఉక్కు పంచ్‌తో ఆ నంబరు కొట్టాలి. నాసిర్ నంబరు అరవై ఒకటి. కాంట్రాక్టు అయిపోయి ఏడాదిగా ఖాళీగా ఉన్నాడు. జులైలో బాయిలర్ ఆపి మరమ్మతు చేసేటప్పుడు పిలుస్తామన్నారు. ఆ పిలుపు కోసమే కాచుకుని ఉన్నాడు. ఈ లోపల వీని వెల్డింగు సరిలేదని ఎవరు ఒక్క కాగితం రాసినా ఆ పిలుపు రాదు, ఇంక ఎక్కడి నుంచీ రాదు. ఆ పనిలో అంతే.

ఫిబ్రవరి ఆఖర్లో దీప్తి అనే అమ్మాయి మా కొట్టు ముందర కారు దిగింది. బెంగళూరులో ఉండే శిల్పి. జమ్మలమడుగు దాటినాక కొండల అంచున ఒక ట్రస్టు కొత్తగా మ్యూజియం కట్టింది. లోపల పాత నాణేలు, కత్తులు, రాతి పనిముట్లు. బయట ఆరెకరాల బయలు. ఆ బయలులో ఎండాకాలం మూడు నెలలు పెద్ద పెద్ద ఉక్కు శిల్పాలు నిలబెట్టి జనానికి చూపిస్తారంట. ఏడు శిల్పాలు, ఏడూ ఈ అమ్మాయివే. అట్టతో చేసిన నమూనాలు ఒక డబ్బాలో తెచ్చి నా బల్ల మీద పెట్టింది.

ఏ మిషను భాగాలమ్మా ఇవి అని అడిగినాను. మిషను కాదంది. దేవుడా, మనిషా, జంతువా అంటే అవేవీ కాదంది. మరి ఏంది అంటే, నిలబడిన ఇనుము అంకుల్, అంతే అంది. పద్దెనిమిది టన్నులు ఒకే గిరాకీకి పోతున్నాయి కాబట్టి నేను నవ్వలేదు.

నాసిర్ మాత్రం ఒక నమూనా చేతిలోకి తీసుకుని వాకిలి వెలుతురులోకి పోయి శానాసేపు తిప్పి తిప్పి చూసినాడు. కాస్త వంగిన రెండు రేకులు, ఒకదానికొకటి భుజం ఆనించుకుని నిలబడినట్టుంది అది. తిరిగి వచ్చి, ఇది ఇరవై అడుగులు లేవాలంటే కింద రెండు మీటర్ల బేస్ ప్లేటు కావాల, ఎనిమిది బోల్టులు పడాల, ఆ ప్లేటు నేలలోకి పోవాల, లేకుంటే గాలికి ఆగదు అన్నాడు. దీప్తి వాని ముఖం ఒకసారి చూసి, డబ్బాలో ఉన్న తక్కిన ఆరూ వాని ముందర పెట్టింది.

ప్లేట్లు వంచే మిషను పులివెందులలో ఒక షెడ్డులో ఉంది. నెల రోజులు ఇద్దరూ తెల్లవారి పోయి పొద్దుగూకి వచ్చినారు. ఆ అమ్మాయి చెయ్యి గాలిలో ఇంచు కదిలిస్తే వీడు రోలర్‌ను ఎంత బిగించాలో తెలుసుకునేవాడంట. బాయిలర్ పని చేసినన్నాళ్ళు అన్నం దగ్గర నోరు తెరవనివాడు ఇప్పుడు పళ్ళెంలో రొట్టె వంచి అక్కకు వంపులు చూపించేవాడు. ఖదీజా ఆ రొట్టె లాక్కుని, ముందు తిను, తర్వాత నిలబెడుదువులే అనేది.

ఒక తప్పు మాత్రం మేమే చేసినాం. మొదటి శిల్పం తయారైనాక దీప్తి రెండు రోజులు బెంగళూరు పోయింది. తుప్పు పట్టిన సరుకు గిరాకీకి అప్పగించడం మా కొట్లో ఎన్నడూ లేదు. మా పనివాళ్ళు దాన్ని శుభ్రంగా రుద్ది, రెండు కోట్లు ఎర్ర ప్రైమరు కొట్టి, పైన బూడిద రంగు వేసి మెరిపించినారు. ఆ అమ్మాయి వచ్చి చూసి కింద మట్టిలో కూర్చుండిపోయింది. ఆమెకు కావాల్సిందే తుప్పంట. ముప్పై ఏళ్ళు తుప్పుతో కొట్లాడినవాణ్ణి, మూడు రోజులు మనుషుల్ని పెట్టి ఆ రంగంతా గీకించి, తుప్పు పట్టేదానికి ఉప్పునీళ్ళు చల్లించినాను. మా వీధిలో వాళ్ళు నా ఆరోగ్యం సంగతి ఖదీజాను అడిగినారు.

మార్చి ఆఖరుకు ఏడూ లేచినాయి. క్రేన్లు వెళ్ళిపోయినాక నేను ఆ బయలులో ఒక్కణ్ణే తిరిగి చూసినాను. ఎర్ర కొండల ముందర, అదే ఎరుపులో, నా ఇనుము. నా దగ్గర బరువుకు అమ్ముడుపోయే సరుకు అక్కడ బరువే లేనట్టు నిలబడి ఉంది. ఏందో చెప్పలేను గాని, ఆ రెండు రేకుల పొడుగు శిల్పం నీడలో కాసేపు ఊరికే నిలబడినాను. ఊరికే నిలబడడం నాకు అలవాటు లేదు.

ప్రారంభానికి మూడు రోజుల ముందు డైరెక్టరు గారు తనిఖీకి వచ్చినాడు. తెల్ల చొక్కా, మెత్తని మాట. పొడుగు శిల్పం దగ్గర వంగి, అతుకు పక్కన ఉన్న అంకెలు వేలితో తడిమినాడు. తర్వాత ఇంకో అతుకు దగ్గర అదే అంకె. అన్ని చోట్లా అదే.

"ఇదేంటి నూర్ గారూ, శిల్పం మీద మీవాడు సంతకాలు పెట్టాడు?"

నాసిర్ ముందుకు వచ్చినాడు. "సంతకం కాదు సార్. నా నంబరు. ఈ అతుకు ఇడిస్తే ఎవుర్ని పట్టుకోవల్లనో తెల్సాల గదా."

"ఇక్కడ ఎవర్నీ పట్టుకునే పని రాదులేవయ్యా" అని డైరెక్టరు నవ్వినాడు. శిల్పం ఒక కళాకారిణిది, దాని మీద ఒక్క పేరే ఉండాలి, ఇవన్నీ తీసేయాలి అన్నాడు. ఎవరికీ కనబడవు సార్, ఉండనీయండి అని దీప్తి ఒక్కసారి మెల్లగా అంది. ఆయన ఆమె వైపు తిరిగినాక రెండోసారి అనలేదు. ఆయన నన్ను పక్కకు పిలిచి, చలికాలంలో ఇంకో పన్నెండు శిల్పాల ప్రదర్శన అనుకుంటున్నాం, అదంతా మీ కొట్టు నుంచే అన్నాడు.

అరగంట పని, రుద్దేయరా అని నాసిర్‌తో అన్నాను.

"నువ్వే రుద్దుకో దూలాభాయ్" అన్నాడు వాడు. అక్క మొగుడు కాబట్టి నన్ను అట్లా పిలుస్తాడు. "నేను కొట్టింది నేను తియ్యను."

గ్రైండర్ నేనే పట్టుకున్నాను. నలభై ఆరు చోట్ల. అరగంట కాదు, సాయంత్రం దాకా పట్టింది.

మా ఇంట్లో మాట్లాడేది ఉర్దూ. ఖదీజాకు నిజంగా కోపం వస్తే మాత్రం తెలుగులోకి దిగుతుంది, వీధి మొత్తానికి అర్థం కావాలని. ఆ పొద్దు తెలుగులో అడిగింది. "వాని నంబరు తీసేదానికి నువ్వెవురు? నువ్విచ్చినావా దాన్ని?"

ప్రదర్శన బాగా నడిచింది. ప్రొద్దుటూరు నుంచి, పులివెందుల నుంచి బస్సులు కట్టుకుని వచ్చినారు. పెళ్ళికొడుకులు పెళ్ళికూతుళ్ళు ఫోటోలు దిగినారు. పొడుగు శిల్పం నీడ మధ్యాహ్నం బాగా పడుతుందని టిక్కెట్ల షెడ్డు దాని పక్కనే వేసినారు. ఆ షెడ్డులో కూర్చునే ఆయన పాల్ రాజు, జమ్మలమడుగు మిషన్ కాంపౌండు మనిషి. చూసేవాళ్ళు దీని అర్థమేందని అతన్నే అడిగేవాళ్ళు.

"పొద్దున వచ్చినోళ్ళకు రెక్కలని చెప్తాండా, సాయంత్రం వచ్చినోళ్ళకు అలలని చెప్తాండా" అన్నాడు నాతో. "ఇంతవరకూ ఒక్కరూ దుడ్లు వాపసు అడగల్యా."

నాసిర్‌కు అతనితో స్నేహం కుదిరింది. ఆదివారాలు పోయి ఆ షెడ్డులో కూర్చుని వచ్చేవాడు. జనం తన అతుకుల చుట్టూ తిరుగుతుంటే చూడాలని ఉండేదేమో, అడగలేదు నేను.

మే నాలుగో తేదీ జమ్మలమడుగు నుంచి ఒక ట్రాలీ ఆటో పాత ఇనుము వేసుకుని మా కాటా మీదికి వచ్చింది. నాసిర్ ఆ పూట కొట్లో లేడు. పైన కమ్మీ ముక్కలు, కింద రెండు మందపాటి ప్లేటు ముక్కలు. గ్యాస్ కటింగు పెట్టి కోసినవి. ఒక్కోటి రెండు మీటర్ల పొడవు, అర మీటరు వెడల్పు. ఒక్కోదానికి రెండు బోల్టు రంధ్రాలు. నా కొట్టు నుంచి పోయిన ప్లేటు నాకు తెలియదా.

ఎక్కడివి అని అడిగినాను. మ్యూజియంలోవి, కింద నాపరాళ్ళు పరిపిస్తాండారు, ఈ అంచు నేల మీదికి లేసి అడ్డమొస్తాందంట, కోసేసినారు అని ఆటో అతను చెప్పినాడు. తూకం నాలుగు వందల కేజీలకు కొంచెం తక్కువ వచ్చింది. మిగతా లెక్క నా తలలో తనంతట తానే అయిపోయింది. రెండు మీటర్ల అడుగు ఒక మీటరైంది. ఎనిమిది బోల్టుల్లో నాలుగు మిగిలినాయి. పైన ఇరవై అడుగుల రేకులు రెండు. అర నిమిషం కూడా పట్టలేదు.

నేను ఏం చేసినానో చెప్పాలి. ఆ ముక్కలు ఛానళ్ళ వెనక పెట్టించినాను. నాసిర్‌తో చెప్తే వాడు ఆ పొద్దే పోయి గొడవ పెడతాడు. పన్నెండు శిల్పాల కాగితం ఆ వారంలోనే రావాల్సి ఉంది. జూన్ ఆఖరుకు ఎట్లాగూ దించేస్తారు కదా, అంతవరకు ఆగదా అనుకున్నాను. నిలబడుతుందని అనుకోలేదు, ఆగుతుందేమోలే అనుకున్నాను. ఆ రెంటికీ తేడా నాకు తెలుసు.

పద్నాలుగో తేదీ సాయంత్రం నాలుగు గంటలకు గాలి లేచింది. ఎండాకాలంలో ప్రతి ఏడూ వచ్చే గాలే. పొడుగు శిల్పం బోల్టులు పెకలించుకుని షెడ్డు మీదికి పడింది. పాల్ రాజు కుడి కాలు దాని కింద ఉండిపోయింది. క్రేను వచ్చేసరికి గంటన్నర. కర్నూలు ఆసుపత్రిలో మోకాలి కింద కాలు తీసేసినారు.

నాసిర్ ఆ రాత్రే కర్నూలు పోయినాడు. అంతకు ముందు నేరుగా మ్యూజియం కాడికి పోయి, పడినదాని అడుగున అతుకు చుట్టూ వేలు పెట్టి చూసినాడంట. అతుకు చెక్కు చెదరలేదు. వెంట్రుకంత చీలిక కూడా లేదు అన్నాడు ఫోనులో. ఆ చీకట్లో, లేచిన రాళ్ళూ మట్టీ కప్పేసిన బేస్ ప్లేటు అంచు సంగతి వానికి అందలేదు. నేను అందించలేదు.

ఆరో రోజు డైరెక్టరు నన్ను ఆఫీసుకు పిలిపించినాడు. చల్లని గది, చల్లని మజ్జిగ. ఇంజనీరుతో రాయించిన ఒక రిపోర్టు నా ముందర పెట్టినాడు. వెల్డింగు లోపం వల్ల శిల్పం కూలిందని ఉంది. కారణం కూడా రాసినారు. అతుకుల పక్కన అర్హత గల వెల్డరు గుర్తు ఎక్కడా కనబడలేదంట, కాబట్టి పని అర్హత లేనివాడు చేసినట్టు భావించవలసి ఉందంట.

నేను ఆ వాక్యం రెండుసార్లు చదివినాను. నలభై ఆరు చోట్ల ఈయన చెప్తే నా చేత్తో నేను రుద్దేసిన దాన్ని, వెతికినామని, లేదని రాసుకున్నారు. ఎదురుగా కూర్చుని, కన్ను తిప్పకుండా, మజ్జిగ తాగండి అంటున్నాడు.

సరుకు ఇచ్చినవాడిగా నేను దాని మీద సంతకం పెడితే ఇన్సూరెన్సు త్వరగా తేలుతుంది, పాల్ రాజుకు మంచిదంట. చలికాలం పన్నెండు శిల్పాలూ మనవేనంట, వెల్డరు మాత్రం వేరే.

"మీ బావమరిది మీద కేసు ఏమీ ఉండదు" అన్నాడు. "కాగితం మీద ఒక మాట, అంతే."

"కింద ప్లేటు కోసినారు గదా సార్" అన్నాను.

"ఏ ప్లేటు? కింద రాళ్ళు పరిచాం."

కాగితం అక్కడే పెట్టి బయటికి వచ్చినాను. బయలులో జనం ఉన్నారు. ఆ పడినదాన్ని తీయలేదు. చుట్టూ తాడు కట్టి, ముందర కొత్త బోర్డు పెట్టినారు, ఇంగ్లీషులో, తెలుగులో: ఒరిగిన రూపం, ప్రకృతి చేసిన మార్పుతో. ఒక పిల్ల దాని పక్కన రాళ్ళ మీద వెల్లకిలా పడుకుని ఉంటే వాళ్ళ నాయన ఫోటో తీస్తున్నాడు. రాళ్ళు కడిగినారు గాని సందుల్లో నెత్తురు మరక పోలేదు. దీప్తికి ఫోను చేసినాను. ఎత్తలేదు. కాసేపటికి మెసేజి వచ్చింది, చాలా బాధగా ఉంది అంకుల్, ఆ వివరాలు డైరెక్టర్ గారిని అడగండి అని. నెల రోజులు మా పనివాళ్ళతో టీ తాగిన పిల్ల.

విచారణకు ఆఫీసరు ఒకాయన తర్వాత వారం మ్యూజియం కాడికే వచ్చినాడు. నాసిర్‌ను పిలిపించినారు. వాడు ఇస్త్రీ చొక్కా వేసుకుని, ప్లాస్టిక్ కవరులో తన సర్టిఫికెట్టు పెట్టుకుని వచ్చినాడు. డైరెక్టరు దాన్ని తిరగేసి చూసి, సర్టిఫికెట్టు ఉండొచ్చు, ఈ అతుకులు ఇతనే వేశాడనడానికి గుర్తేముంది అన్నాడు. నాసిర్ నా వైపు చూడలేదు. సర్టిఫికెట్టు వెనక్కి తీసుకున్నాడు.

నేను టెంపోలో ఆ రెండు ముక్కలూ వేసుకుని వచ్చి ఉన్నాను. దించించినాను. పడినదాని అడుగున కోసిన అంచు పక్కన పెడితే సందు లేకుండా కలిసినాయి. నేను అమ్మిన ప్లేటే సార్, బోల్టు రంధ్రాలతో సహా కోసి మా కాటాకే తూకానికి పంపినారు అని చెప్పినాను.

డైరెక్టరు తడబడలేదు. పడిపోయాక క్రేను కోసం కోయించి ఉంటారు, కిందివాళ్ళు, నాకు తెలియదు అన్నాడు.

ఆఫీసరు నా వైపు తిరిగి, ఇవి మీ దగ్గరికి వచ్చింది ఎప్పుడు అని అడిగినాడు.

ఆ ప్రశ్న వస్తుందని నాకు ఇంటి దగ్గరే తెలుసు. గాలి తర్వాత వచ్చినాయంటే డైరెక్టరు మాట నిలుస్తుంది, నాసిర్ పోతాడు. ముందు వచ్చినాయంటే నాసిర్ నిలుస్తాడు. మూడో జవాబు లేదు.

"మే నాలుగో తేదీ సార్" అన్నాను. "గాలికి పది దినాలు ముందు."

ఆఫీసరు రాసుకున్నాడు. నాసిర్ సర్టిఫికెట్టు కవరులో పెట్టి, కవరు మూతి రెండు మడతలు మడిచి, జేబులో పెట్టుకున్నాడు. తిరిగి వచ్చేటప్పుడు టెంపోలో ముందర చోటు ఉన్నా వెనక ఆ ముక్కల పక్కన కూర్చున్నాడు. ఇల్లు చేరినాక బ్యాగు సర్దుకున్నాడు. ఖదీజా అడిగితే కలమల్లలో రూము చూసుకున్నానన్నాడు. ఆమె నన్ను అడిగింది, నేను చెప్పినాను. ఉర్దూలోనూ తిట్టలేదు, తెలుగులోనూ తిట్టలేదు.

రిపోర్టులో వెల్డింగు లోపమనే మాట ఎగిరిపోయింది. దాని స్థానంలో గాలి వచ్చి కూర్చుంది. ప్లేటు ఎవరు కోయమన్నారో తేలలేదంట. నాలుగు మాటలు, నాలుగు సీళ్ళు, ఒక కాలు, బాధ్యుడు ఎవరూ లేరు. డైరెక్టరు అదే గదిలో ఉన్నాడు. పడినదాన్ని చూసేదానికి జనం ఎక్కువ వస్తున్నారని ప్రదర్శన ఇంకో నెల పొడిగించినారు. పన్నెండు శిల్పాల పని ఇంకెవరికో పోయింది. జులై మరమ్మతుకు రమ్మని నాసిర్‌కు పిలుపు వచ్చింది. ఆ సంగతి నాకు బజారులో తెలిసింది.

బక్రీదుకు వాడు రాలేదు. ఖదీజా వాని వాటా గిన్నెలో పెట్టుకుని బస్సులో కలమల్ల పోయింది. నేను ఇంకో గిన్నె తీసుకుని జమ్మలమడుగు పోయినాను. పాల్ రాజు ఇంటి ముందర మెట్టు మీద అతని భార్య యేసమ్మ బియ్యం ఏరుతోంది. గిన్నె తీసుకుని లోపల పెట్టి వచ్చింది, నీళ్ళిచ్చింది. నేను మొత్తం చెప్పినాను. ప్లేటు మందం, బోల్టులు, మీటర్లు, ఎవరితో చెప్పాల్సింది, చెప్తే వాళ్ళు ఎట్లా ఒప్పుకునేవాళ్ళు కాదో, అన్నీ. ఆమె చాటలో బియ్యం చూసుకుంటూ వినింది.

"అవన్నీ మాకెందుకప్పా" అంది. "ఆ షెడ్డులో కూచోవద్దు పాల్ రాజూ అని ఒక్క ఫోను చేసింటే సాలు గదా. ఆయప్ప గేటు కాడ కూచొనుండేవాడు."

అతని ఫోను నంబరు ఏప్రిల్ నుంచీ నా దగ్గర ఉంది.

లోపల నుంచి కర్ర చప్పుడైంది. పాల్ రాజు గడప కాడికి వచ్చినాడు. అతని చంక కింద చెయ్యి వేసి పట్టుకుని ఉన్నవాడు నాసిర్. కలమల్లలో అక్క వాని కోసం కాచుకుని ఉంటుంది, వాడు పండగ పూట ఇక్కడ ఉన్నాడు. నేను లేచి నిలబడి మెట్టు మీద దోవ ఇచ్చినాను. వాడు నా ముఖం చూడలేదు. అతని కాలు ఉండాల్సిన చోటు చూసుకుంటూ, ఒక్కొక్క మెట్టూ దించుతున్నాడు.

"నిదానం అన్నా" అన్నాడు. "నేను పట్టుకొనుండా."